మంజీర మంచు రంగులో పెళ్ళికార్డు

బాన్సువాడలో ఎవరినైనా ఆపి అడగండి, పెళ్ళికార్డుకు రంగులు ఎవరు ఎంచుతారని. "ఎవరెంచుడేంది, కంప్యూటర్ల ఉంటయి గద" అంటారు. వడ్లు ఎవరు పండించారంటే గోదాము అని చెప్పినట్టు. ఈ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. మండే అర్హత నాకు పూర్తిగా ఉందా అంటే లేదు, ఆ సిగ్గుమాలిన సంగతి కూడా చెప్తాను. అయినా మండుతుంది.

నాది బీర్కూర్ రోడ్డులో జిరాక్స్ దుకాణం. పక్కది రాజాబాబు ఫ్లెక్స్ షాపు. రెంటికీ మధ్య ప్లైవుడ్ చెక్క ఒక్కటే అడ్డం. అటువైపు తుమ్మితే ఇటునుంచి నేను నూరేళ్ళు అంటాను. కాబట్టి ఇక్కడ రాసేది కొంత కళ్ళారా చూసింది, కొంత చెక్క సందుల్లోంచి విన్నది.

ఆ షాపులో పన్నెండేళ్ళుగా కంప్యూటర్ ముందు కూర్చుంటున్న మనిషి లత. బీర్కూర్ నుంచి రోజూ పొద్దున తొమ్మిదింటి బస్సుకు వస్తుంది. తండ్రి సమ్మన్న, తల్లి అంజవ్వ నాట్లకూ కోతలకూ కూలికి పోయేవాళ్ళు. ఇంటర్ అయ్యాక ఈమె బస్టాండు వెనక ఒక ఇన్‌స్టిట్యూట్‌లో ఆర్నెల్లు డీటీపీ నేర్చుకుని, ఏడో నెల ఈ కుర్చీలో కూర్చుంది. అప్పుడు ఇరవై. ఇప్పుడు ముప్పై రెండు. కుర్చీ రెండుసార్లు మారింది, కంప్యూటర్ మూడుసార్లు మారింది, లత మారలేదు.

వచ్చేవాళ్ళు ఎట్లా వస్తారో మీకు తెలియనిదా. పుట్టినరోజు ఫ్లెక్సీ కావాలంటూ ఒకాయన వచ్చి వెనకాల నిలబడి, తెర మీద వేలు పెట్టి "గీడ రంగు జర దంచాలె" అంటాడు. ఏ రంగు అంటే చెప్పడు. "మంచి రంగు" అంటాడు. ఇంకొకామె "మా మరదలు వాళ్ళ దానికంటె ఎక్కువ ఉండాలె" అంటుంది. ఏమిటి ఎక్కువుండాలో దేవుడికే తెలియాలి. లత తల ఊపుతుంది. నాలుగు రంగుల గళ్ళు తెర మీద వరుసగా పెట్టి, "గిది చూడక్క, గిట్లుంటె ఎట్లుంటది" అంటుంది. ఆమె చూసి, "ఆఁ, గిదే నేను జెప్పింది" అంటుంది. ఆమె ఏమీ చెప్పలేదు. నేను సాక్ష్యం.

ఆ నాలుగైదు గళ్ళ వరుసనే పాలెట్ అంటారట. ఏ రంగు పక్కన ఏ రంగు కూర్చుంటే రెండూ కొట్టుకోకుండా ఉంటాయో చూసి, వాటిని ఒక జట్టుగా కట్టి కంప్యూటర్‌లో దాచుకోవడం. ఇంటర్నెట్‌లో అడిగితే వేలకొద్దీ ఇస్తుంది, ఉచితంగా. లత మొదట్లో అవే వాడింది. రెండు నెలలు వాడి మానేసింది. "అన్నా, గవి ఏదో దేశం రంగులే. మన ఎండల పెడితే ఎలిసిపోయినట్టు కనబడ్తయి" అంది నాతో ఒకసారి.

అప్పట్నుంచి తన రంగులు తానే ఏరుకుంటోంది. బస్సు కిటికీలోంచి ఫోనుతో ఫొటో తీస్తుంది. నాట్లు పడిన వారం పొలం, కోతకు ముందటి పొలం, చెరుకు బండి వెనక భాగం, నిజాంసాగర్ నీళ్ళు వదిలిన రోజు కాలువ. షాపుకు వచ్చి ఆ ఫొటోను తెర మీదికి ఎక్కించి, రంగును చుక్కలా పీల్చే చిన్న గుర్తు ఒకటి ఉంటుంది చూడండి, దాన్ని ఆ ఫొటో మీద ఇక్కడొకసారి, అక్కడొకసారి నొక్కుతుంది. నారు కొస దగ్గర ఒక పచ్చ, మొదలు దగ్గర ఇంకో పచ్చ. అక్కడితో అయిపోదు. తెర మీద రంగు వెలుగుతో పుడుతుంది, కాగితం మీద ఇంకుతో. తెర మీద నెమలి మెడలా మెరిసిన నీలం కాగితం మీదికి వచ్చేసరికి బడిపిల్లల యూనిఫాంలా చప్పబడిపోతుంది. అందుకని ఒక్కో రంగునూ చిన్న కాగితపు ముక్క మీద అచ్చు తీసి, షాపు బయటికి వచ్చి ఎండలో పట్టుకుని చూసి, లోపలికి పోయి ఇంకును అంత పెంచి, ఇంత తగ్గించి, మళ్ళీ బయటికి వస్తుంది. ఒక్క పాలెట్‌కు వారం పట్టిన రోజులున్నాయి. కుదిరాక దానికొక పేరు. "వర్ని నారుమడి", "చెరుకు బండి", "అమ్మ పనిచీర", "నీళ్ళొచ్చిన కాలువ". అట్లా రెండొందల పైచిలుకు.

ఇప్పుడు నా సిగ్గుమాలిన సంగతి. మూడేళ్ళ కింద మా ఇంటికి రంగులు వేయిద్దామనుకుని లతను అడిగాను. మధ్యాహ్నం అన్నం మానేసి మా ఇంటిదాకా వచ్చింది. గోడ మీద ఎండ ఎటునుంచి పడుతుందో చూసింది, ఎదురింటి గోడ రంగు ఏమిటో చూసింది, మరునాడు కాగితం మీద మూడు రంగుల నంబర్లు రాసిచ్చింది. వేయించాను. వచ్చినవాళ్ళందరూ ఇల్లు కళకళలాడుతోంది, ఎవరు చెప్పారీ రంగులు అని అడిగారు. "నేనే, ఊరికే అట్ల తోచింది" అన్నాను. ఒకసారి లత పక్కనే ఉండగా కూడా అన్నాను. అలవాటైపోయి నోరు అదే అనేసింది. ఆమె నవ్వి, "అన్నకు రంగుల మీద మంచి పట్టుంది" అంది. ఆ నవ్వుకు నేను ఆ రోజు షట్టరు తొందరగా దించి ఇంటికి పోయాను.

నేను అబద్ధమని తెలిసి అట్లా అన్నాను, రాజాబాబు రంగులు వాటంతట అవే వస్తాయని ఏకంగా నమ్మాడు.

రాజాబాబు వాళ్ళది వర్ని దగ్గర క్యాంపు. వాళ్ళ తాతల కాలంలో గోదావరి జిల్లా నుంచి వచ్చి కాలువ కింద భూములు చేసుకున్న కుటుంబం. మనిషి చెడ్డవాడు కాదు. ఎవరింట్లో కార్యమైనా ముందుంటాడు. కానీ ఆయనకు ఒక పట్టింపు. చావుకు సంబంధించిన కాగితం చేత్తో ముట్టడు, కళ్ళతో చూడడు. పెద్దకర్మ కార్డు ఆర్డరు వస్తే, "లతా, ఇటొకసారి" అని తాను లేచి బయటికి పోతాడు. ఆ కార్డులు అచ్చయి వస్తే లతే పాత పేపర్లో చుట్టి ఇచ్చేయాలి. ఈ పట్టింపును బాగా గుర్తుపెట్టుకోండి, కథంతా దాని నెత్తిన పడబోతోంది.

ఆయన కూతురు శ్రావ్య బడి నుంచి వచ్చి ఆ షాపులోనే, లత కుర్చీ పక్కన స్టూలు మీద కూర్చుని పెరిగింది. "లతక్కా, నా పేరు గులాబీ రంగులో రాయవా" అంటూ మౌసు లాక్కునేది. ఆ పిల్ల ప్రతి పుట్టినరోజు ఫ్లెక్సీ లత చేసిందే. ఇప్పుడు హైదరాబాద్‌లో ఉద్యోగం చేస్తోంది. భీమవరం వైపు సంబంధం కుదిరింది.

కుదిరిన మూడోరోజు లత రాజాబాబు దగ్గర నిలబడింది. ఇటువైపు నాకు ప్రతి మాటా వినిపించింది.

"సార్, శ్రావ్య కార్డు నేనే చేస్త. ఇంకొక్కటి అడుగుత, కోపం జేయొద్దు. కార్డు ఎన్క షాపు పేరు ఉంటది గద. దాని కింద నా పేరు పెట్టుకుంట. చిన్నగ. డిజైన్ లత అని."

"పేరా? దేనికమ్మా?"

"పన్నెండేండ్ల సంది చేస్తున్న సార్. ఒక్క కార్డు మీద గూడ లేదు. శ్రావ్య కార్డు మీద ఉంటె బాగుంటదనిపించింది."

రాజాబాబు నవ్వాడు. కోపంతో కాదు, ముచ్చటగా నవ్వాడు. అదే నాకు ఇప్పటికీ మింగుడుపడదు. "వంటవాడి పేరు విస్తరాకు మీద రాస్తారా లతా? అక్షరాలు మనం ఇస్తున్నాం, ఫొటోలు వాళ్ళిస్తున్నారు, రంగులు కంప్యూటరు ఇస్తోంది. మధ్యలో నువ్వేం ఇస్తున్నావు చెప్పు?"

నేను లేచి పోయి "రాజాబాబుగారూ, అట్ల కాదు" అనవలసింది. సరిగ్గా అప్పుడే నాకు జిరాక్స్ మిషన్‌లో టోనరు కుదపాలని గుర్తొచ్చింది. చాలాసేపు కుదిపాను.

ఆయన మళ్ళీ అన్నాడు: "అయినా శ్రావ్య కార్డు ఇక్కడ వద్దులే. అవతలివాళ్ళు పెద్దవాళ్ళు. హైదరాబాద్‌లో మావాడొకడు స్టూడియో నడుపుతున్నాడు, వాడు చేస్తాడు. నువ్వు ఫ్లెక్సీలు చూసుకో."

ఆ సాయంత్రం లత బస్సుకు పోతూ నా దుకాణం ముందు ఆగలేదు. రోజూ ఆగి "పోతున్ననన్నా" అంటుంది.

ఆదివారం వచ్చింది. లతకు సెలవు. రాజాబాబు చెక్క మీద తట్టి, "దయానంద్ గారూ, ఓ పెన్‌డ్రైవ్ ఉంటే ఇస్తారా" అన్నాడు. ఇచ్చాను. దేనికని అడగలేదు. పక్కింటివాళ్ళు గిన్నె అడిగితే ఏం వండుతున్నారని అడుగుతామా? తర్వాత తెలిసింది, హైదరాబాద్ అతను "మీ షాపులో రంగులు బాగుంటాయని విన్నాను, ఏమైనా పాలెట్లుంటే పంపండి" అన్నాడట. ఈయన లత దాచుకున్న రెండొందల పైచిలుకు పాలెట్లనూ నా పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి పంపించాడు. కంప్యూటర్ తనది కాబట్టి దాంట్లో ఉన్నవీ తనవేనని లెక్క. గిన్నె నాది, దొంగతనం ఆయనది, వంట ఇంకొకడిది.

పదిహేను రోజులకు కార్డులు వచ్చాయి. అట్టపెట్టెలు విప్పుతూ రాజాబాబు మురిసిపోయాడు. నేను ఆ రోజు మా చిన్నత్త కొడుకు పనిమీద కామారెడ్డి పోయాను, అందుకని చూడలేదు. తర్వాత లత చెప్పింది. కవరు బూడిద కలిసిన లేత నీలం. లోపల కార్డుకు తడి ఇసుక రంగు, అంచుకు పావురం రెక్క రంగు, మధ్యలో వాడిపోతున్న తామర రేకు లాంటి గులాబీ. చూస్తే కళ్ళు చల్లబడతాయి. ఏ పెద్ద ఊళ్ళోనైనా ఆ కార్డును ఆహా అంటారు.

లత దాన్ని చేతిలోకి తీసుకుని చాలాసేపు చూసిందట.

"సార్, గీ రంగులు నావి."

"రంగుల మీద నీ పేరు రాసుంటుందా?"

"అది కాదు సార్. గివి పెండ్లికి..."

"బాగుందని ఒప్పుకోవడానికి అంత కష్టంగా ఉందా లతా?" అన్నాడాయన. "వాడు నీ రంగులే వాడాడు, సంతోషపడాలి గానీ ఈ ఏడుపు మొహం ఏంటి? ఇంటిపిల్ల పెళ్ళి, శుభమా అని కార్డులొస్తే."

ఏడుపు మొహం అన్నాక ఎవరు మాత్రం ఏం చెప్తారు. లత కార్డును పెట్టెలో పెట్టేసి ఫ్లెక్సీ పనికి కూర్చుంది.

ఆ రంగుల పేరు "మంజీర మంచు". ఏడెనిమిదేళ్ళ కింద ఒక జనవరి పొద్దున బస్సు మంజీర వంతెన మీద ఆగిపోతే, నీళ్ళ మీద మంచును ఫొటో తీసి కట్టిన జట్టు. ఆ రోజుల్లో పెద్దకర్మ కార్డులు నా దుకాణంలోనే అయ్యేవి. నల్ల అంచు, మధ్యలో మసిపట్టిన ఫొటో, చూస్తేనే మనిషి రెండోసారి పోయినట్టుండేది. ఒకామె లత దగ్గరికి వచ్చి, "మా ఆయనకు నలుపంటె ఇష్టం లేకుండె బిడ్డా, ఇంకేదన్న రంగుల చేస్తవా" అని అడిగింది. లత మంజీర మంచు తీసింది. కార్డు చూసి ఆమె దాన్ని గుండెకు పెట్టుకుందట. అంతే, ఇగ ఎవరింట్ల పెద్దమనిషి పోయినా "గా రంగుల కార్డే కావాలె" అనడం మొదలైంది. బాన్సువాడ, బీర్కూర్, మహమ్మద్ నగర్, చుట్టూ తండాలు, ఎక్కడైనా సరే. చదువురానివాళ్ళు కూడా కవరు రంగు చూసి "అయ్యో, ఎవరు?" అంటారు. నా నల్ల అంచు బేరం ఆ ఏడాదితో పోయింది. నేనేమీ బాధపడలేదు, కొంచెం పడ్డాను.

ఈ ఊళ్ళో ఆ రంగు దేనిదో తెలియని మనిషి ఒక్కడే. చావు కార్డు వైపు ఎన్నడూ చూడని మనిషి.

దగ్గరి చుట్టాలకు రాజాబాబు భార్య ఇంటింటికీ పోయి బొట్టుపెట్టి పిలవాలి కదా, అది ఆదివారం మొదలుపెట్టాలనుకున్నారు. ఈలోగా గిరాకీలకు, ఊళ్ళవాళ్ళకు, తండాలవాళ్ళకు మూడొందల కవర్లు ఆటో నడిపే మంగ్యా చేత పంపించారు. మూలలకు పసుపు పెట్టారు నిజమే. ఆ బూడిదనీలం మీద పసుపు, పప్పు తిన్న చెయ్యి తుడిచినట్టు పాచిరంగులోకి తిరిగింది. మంగ్యా కూడా కవర్లు చేతిలోకి తీసుకుని ఏమీ అడగకుండా, మొహం దించుకుని, హారను కూడా కొట్టకుండా తిరిగాడట. ఎవరింటి ముందు ఆగినా "ఇగ మన చేతుల ఏముంటది" అని చెప్పి కవరు ఇచ్చాడట. ఎవరిదని అడిగినవాళ్ళకు మాత్రం "రాజాబాబు సారింటిది" అన్నాడట.

మా వైపు చావు కబురు కార్డు ఇంట్లో ఉంచరు. చదివి చింపేస్తారు. కొందరు గడప కూడా దాటనివ్వరు. మా ఆవిడ గేటు దగ్గరే కవరు అందుకుంది, రంగు చూసింది, విప్పకుండానే నాలుగు ముక్కలు చేసి మురుగు మోరీ పక్కన పడేసి కాళ్ళు కడుక్కుని లోపలికి వచ్చింది. నేను అన్నానికి పోతే, "ఎవరో పోయిన్రు, కార్డొచ్చింది, తిన్నంక జెప్తనని ఊకున్న" అంది. "ఎవరు?" అంటే "చింపిన" అంది. శ్రావ్య పెళ్ళి పిలుపు మా మోరీలో పడింది. మూడొందల ఇళ్ళలో ఎన్ని ఇళ్ళ మోరీల్లో పడిందో.

మరునాడు పదకొండింటికి రాజాబాబు షాపులో ఆయన తల్లి రాధాకుమారి కూర్చుని ఉంది. డెబ్భై ఎనిమిదేళ్ళ మనిషి. పెళ్ళి చీరలు చూడటానికి వర్ని నుంచి వచ్చింది. టీ ఊదుకుంటూ తాగుతోంది. నేను చిల్లర కోసం అక్కడే ఉన్నాను. అప్పుడు లాల్‌సింగ్ వచ్చాడు. తండా పెద్దమనిషి, పాత గిరాకీ. భుజాన తువ్వాలు, చెప్పులు బయటే విడిచాడు. తిన్నగా రాజాబాబు రెండు చేతులూ పట్టుకున్నాడు.

"ధైర్యం జెడొద్దు సారూ. మంచిగ బతికింది. నిండు పానం. గంతే, ఎవరికైనా గంతే."

రాజాబాబుకు అర్థం కాలేదు. "ఎవరు లాల్‌సింగ్?"

"కార్డు నిన్ననే వచ్చింది. విప్పలే. మా అవ్వ భీమ్లి చూసి ఏడ్చింది. సారు వాళ్ళ పెద్దవ్వ పోయింది, పోయి కనబడి రాపో అన్నది."

రాధాకుమారి గ్లాసు దించింది. "ఎవర్రా అబ్బాయ్ పోయింది?"

లాల్‌సింగ్ తల తిప్పి చూశాడు. రాజాబాబు చేతులు వదిలేశాడు. గోడ దాకా వెనక్కి జరిగాడు.

"పెద్దవ్వా," అన్నాడు చివరికి, "పానం మంచిగుందా?"

"మోకాళ్ళు తప్ప బానే ఉంది నాయనా. నువ్వేంటి, అట్లా చెమటలు పట్టాయి?"

నవ్వు ఆపుకోవడానికి నేను చిల్లర కింద పడేసి ఏరుకున్నాను. నేను లేచేసరికి ఫోన్లు మొదలయ్యాయి. బీర్కూర్ నుంచి ఎరువుల దుకాణం ఆయన, "దినం ఏ రోజు సార్, రంగు చూసి కార్డు చింపినం, తారీఖు చూడలే." మహమ్మద్ నగర్ నుంచి ఒక సర్పంచి, పూలదండ ఎక్కడికి పంపాలని. నాలుగో ఫోనుకు రాజాబాబుకు సంగతి తలకెక్కింది. కుర్చీలో కూలబడ్డాడు. తొమ్మిదిరోజుల్లో పెళ్ళి. బొట్టుపెట్టి పిలవడం కూడా మొదలుపెట్టలేదు. పెళ్ళికూతురి పేరు మీద చావు రంగు ఊరంతా తిరిగింది.

అప్పుడు ఆయన ఎవరి మీద పడ్డాడనుకుంటున్నారు? హైదరాబాద్ అతని మీదనా, తన మీదనా? లేచి లత కుర్చీ ముందు నిలబడ్డాడు.

"తెలిసి ఊరుకున్నావు కదూ? నా కూతురి పెళ్ళికి ఇట్లా చేయడానికి మనసెట్లా ఒప్పింది? అది చావు రంగు అని దాని మీద రాయాలని తెలియదా?"

లత లేచింది. పన్నెండేళ్ళలో ఆమె గొంతు పెరగడం నేను వినలేదు. ఆ రోజూ పెరగలేదు.

"నా పెట్టెల నేను దాసుకున్నదాని మీద ఎవరి కోసమని రాయాలె సార్? నేను లేనినాడు తీసిన్రు. తీసెటప్పుడు అడిగిన్రా? వచ్చినంక చెప్పబోతె ఏడుపు మొహం అన్నరు. రంగులు కంప్యూటర్ ఇస్తదన్నరు గద. గిప్పుడు గదాన్నే అడుగున్రి, ఏది పెండ్లిదో ఏది చావుదో."

నాకు రక్తం ఉడికిపోయింది. ఉడకడం ఒక్కటే కాదు, ఈసారి టోనరు గుర్తురాలేదు. "రాజాబాబుగారూ, పెన్‌డ్రైవ్ నాది. దొంగతనంల నాకు గూడ పాలున్నది. ఆమెననకున్రి" అన్నాను. నా గొంతు నేను అనుకున్నదానికంటే సన్నగా వచ్చింది గానీ, వచ్చింది.

"ఏవిట్రా ఇదంతా?" అంది రాధాకుమారి. లాల్‌సింగ్ ఆమెకు మెల్లగా అంతా చెప్పాడు. ఆమె ఆ కార్డు తెప్పించుకుని కళ్ళద్దాలు పెట్టుకుని చూసింది. "బాగుందే," అంది. "నాకు ఇదే వేయించండి. ఇప్పుడు కాదులే." ఎవరూ నవ్వలేదు. లత మాత్రం పెదవి కొరుక్కుంది.

చివరికి రాజాబాబే అడిగాడు. "ఇంకోటి చేస్తావా? రేపటికి?"

"చేస్త. శ్రావ్య కోసం చేస్త," అంది లత. "ఎన్క నా పేరుంటది. పేరు వద్దంటె ఇప్పుడే చెప్పున్రి, మూడింటి బస్సుకు పోత. ఇగ రాను."

"అవతలివాళ్ళు ఏమనుకుంటారో అని..."

"పెద్దకర్మ కార్డు చూసి ఏమనుకుంటరో గది గూడ ఆలోచించున్రి సార్."

ఆయన సరేనన్నాడు. తల ఊపిన తీరు చూస్తే సరేననడం కంటే పన్ను పీకించుకోవడం తేలిక అనిపించింది.

ఇప్పుడు లత ఏం చేసిందో చూడండి. ఊళ్ళో అందరూ కార్డు వేయించి తర్వాత పసుపు పెడతారు. లత ముందు పసుపు పెట్టింది. మా ఇంటినుంచి పసుపు తెప్పించుకుని, రాధాకుమారి చేత తెల్ల కాగితం మూలకు వేలితో రాయించింది. కాగితాన్ని ఆరబెట్టింది. స్కాన్ చేసి తెర మీద ఆ మరకను పెద్దది చేసింది. అంత పెద్దది చేసి చూస్తే పసుపు ఒక్క రంగు కాదు. వేలు ఒత్తిన చోట చిక్కగా, అంచుల్లో ఎండుగడ్డిలా, మధ్యలో నిప్పు రంగు. రంగు పీల్చే గుర్తుతో మూడు చోట్ల నొక్కి మూడు పసుపులు తీసింది. వాటి పక్కన ఒక్కో రంగునూ తెచ్చి కూర్చోబెట్టి చూసింది. ఎరుపు పెడితే పసుపును తొక్కేసింది, తీసేసింది. కుంకుమలో కొంచెం నలుపు కలిపింది, కుదిరింది. వర్ని నారుమడిలోంచి ఒక లేతపచ్చ తెచ్చింది. అడుగున పాలమీగడ రంగు. ప్రతి ముక్కనూ అచ్చు తీసి బయట ఎండలో పట్టుకుంది. నేను కూడా పట్టుకున్నాను. ఎనిమిది ముక్కలు చూశాక నాకు అన్నీ ఒకటేలా కనిపించాయి. "గిది జర పుల్లగుంది అన్నా" అంది ఆమె ఒకదాన్ని చూసి. రంగు పుల్లగా ఉండటమేమిటో ఆ ముక్కను ఇంకోదాని పక్కన పెట్టాక నాకూ తెలిసింది. నిజంగానే పుల్లగా ఉంది.

సాయంత్రానికి కార్డు తెర మీద నిలిచింది. నాలుగు మూలలూ ఖాళీ, మీగడ రంగు. పసుపు పెడితే ఆ వేలిమరక కూడా డిజైన్‌లో భాగమైపోయేటట్టు. శ్రావ్యకు ఫోనులో పంపితే, "లతక్కా, ఇది ముందే ఎందుకు చేయలేదు?" అని అడిగింది. లత ఫోనును రాజాబాబు చేతికిచ్చింది. ఆయన "నెట్‌వర్క్ లేదమ్మా" అని పెట్టేశాడు. నెట్‌వర్క్ దివ్యంగా ఉంది.

ఇక వెనకవైపు. ఆ బేరం చూసి తీరాలి. ఇన్ని కోపాల మధ్య నేను మనసారా నవ్వుకున్నది అక్కడే.

"ఎంత సైజు పెట్టావ్?"

"ఎనిమిది పాయింట్లు సార్."

"షాపు పేరంత కనపడుతోంది. ఆరు చెయ్యి."

చేసింది.

"నాలుగు?"

"నాలుగైతె చీమలు పాకినట్టుంటది సార్. ఆరు."

"పోనీ రంగు కొంచెం లేతగా పెట్టు. ఆ మీగడ రంగులో పెట్టు."

మీగడ మీద మీగడ రంగు పేరు. పన్నెండేళ్ళుగా ఉన్నట్టే ఉంటుంది, అంటే లేనట్టు. లత మౌసు కదిపింది, కుంకుమ రంగు మీద నొక్కింది. డిజైన్: లత. ఆరు పాయింట్లు. రాజాబాబు దాన్ని కాసేపు చూసి, ఇంక వేరే దారి లేదు కాబట్టి, నిజామాబాద్ ప్రెస్సుకు పంపమన్నాడు.

కార్డులు మూడో రోజుకు వచ్చాయి. మంగ్యాను పిలిచి, ఈసారి హారను కొట్టుకుంటూ పొమ్మని రాజాబాబే చెప్పాడు. మంగ్యా ఆటోలో పాటలు పెట్టుకుని పోయాడు. మా ఇంటికి వచ్చిన కవరును మా ఆవిడ చింపలేదు, దేవుడి దగ్గర పెట్టింది. వెనక్కి తిప్పి కళ్ళు చిట్లించి, "ఇంత చిన్నగ రాసిన్రేంది?" అంది. అదే నా బాధ కూడా. వడ్ల గింజలో సగమంత అక్షరాలు. దానికి పన్నెండేళ్ళు, ఒక దొంగతనం, బతికున్న మనిషికి ఒక పరామర్శ కావలసి వచ్చాయి. షాపు బోర్డు మీద రాజాబాబు పేరు రెండడుగులుంటుంది, దానికి ఎవరినీ అడగలేదు ఆయన.

పెళ్ళి బాగా జరిగింది. భీమవరం వాళ్ళు కార్డు వెనక చూశారో లేదో నాకు తెలియదు. చూడకపోయినా లతకు పట్టింపులేదు. ఆమె ఒక కార్డు బీర్కూర్ తీసుకుపోయింది, అంతవరకు తెలుసు.

పెళ్ళి అయిన నాలుగోరోజు పొద్దున షాపు తెరవగానే తండా నుంచి ఒక పెద్దకర్మ ఆర్డరు వచ్చింది. రాజాబాబు అలవాటుగా లేచి బయటికి రాబోయి, ఏమనుకున్నాడో ఆగాడు. ఇప్పుడు ఆయనకు ఏ కార్డు ఏ రంగులో పోతోందో భయం. తెర వైపు ఒక కన్ను వేసి నిలబడ్డాడు. లత ఫొటో పెట్టింది, తారీఖు పెట్టింది, వెనక్కి తిప్పి షాపు పేరు కింద తన పేరు కొట్టింది.

"వీటి మీద కూడానా?" అన్నాడు.

"అన్నిటి మీద సార్."

"చావు కార్డు మీద నీ పేరేంటి లతా? ఎవరైనా ఏమన్నా అంటే?"

"బతికినోళ్ళే వద్దన్నరు సార్ పన్నెండేండ్లు," అంది లత అక్షరాలను సరిచేస్తూ. "పోయినోళ్ళు ఎవ్వరూ వద్దనలే."

చెక్కకు ఇవతల నేను సందుకు కన్ను ఆనించాను. కార్డు మీది ఫొటో కంటబడి రాజాబాబు మొహం పక్కకు తిప్పేసుకున్నాడు. అట్లా తిప్పుకునే, పంపించమని చేత్తో సైగ చేశాడు.